అసలుకు రెట్టింపు

1938 మార్చి 22న మద్రాసు ప్రెసిడెన్సీలో వ్యవసాయదారుల రుణ విముక్తి చట్టం అమల్లోకి వచ్చింది. దాని ఎనిమిదో సెక్షన్‌లో చిన్న నిబంధన ఒకటి ఉంది. 1932 అక్టోబరుకు ముందు అప్పు చేసిన రైతు అసలు కిందో, వడ్డీ కిందో, రెండూ కలిపో తాను తీసుకున్న మొత్తానికి రెట్టింపు ఇప్పటికే కట్టి ఉంటే, ఆ అప్పు పూర్తిగా తీరిపోయినట్టే. షావుకారు ఇనప్పెట్టెలో ప్రోనోటు ఎంత భద్రంగా ఉన్నా సరే, ఇక అతనికి రావలసింది ఏమీ లేదు. కృష్ణా, గోదావరి, గుంటూరు, నెల్లూరు జిల్లాల రైతులకూ, రాయలసీమ రైతులకూ వర్తించిన చట్టం ఇది.

ఇప్పుడు హైదరాబాదులోనో విజయవాడలోనో ఫ్లాటు కొన్న ఒక ఉద్యోగి లెక్క చూద్దాం. గృహరుణం 50 లక్షలు, వడ్డీ ఏడాదికి ఎనిమిదిన్నర శాతం, గడువు 20 ఏళ్లు. నెలకు ఈఎంఐ 43,391 రూపాయలు. 240 వాయిదాలూ కట్టేసరికి చేతి నుంచి వెళ్లేది ఒక కోటీ నాలుగు లక్షల పైచిలుకు. 231వ వాయిదా కట్టిన రోజున, అంటే 19 ఏళ్ల 3 నెలలకు, అతను కట్టింది అసలుకు రెట్టింపు దాటుతుంది. ఇంకా తొమ్మిది వాయిదాలు మిగిలే ఉంటాయి.

ఈ రెండు అప్పులూ ఒకటి కావు. ఒకటి కరువులోనో, పెళ్లికో, పంట పెట్టుబడికో చేసిన అప్పు. రెండోది జీతం చూసుకుని ఇల్లు కొనుక్కోవడానికి తీసుకున్నది. అయినా రెండింటినీ పక్కపక్కన పెట్టి చూడటానికి బలమైన కారణం ఉంది. ఈ దేశంలో చాలాకాలం పాటు అప్పు గురించి న్యాయం అడిగిన మొదటి ప్రశ్న ‘మొత్తం ఎంత వెనక్కి పోయింది?’ అన్నదే. సమాన నెలవారీ వాయిదా వచ్చాక ఆ ప్రశ్న పక్కకు జరిగి, దాని స్థానంలో ‘నెలకు ఎంత పడుతుంది?’ అన్నది వచ్చి కూర్చుంది. ఈ మార్పు ఎలా వచ్చిందో తెలిస్తేనే గృహరుణం నిజంగా ఎంతకు పడుతోందో అర్థమవుతుంది.

రెట్టింపు అనే హద్దు చాలా పాతది. అప్పిచ్చిన డబ్బు మీద ఒక్కసారిగా రాబట్టే వడ్డీ అసలును మించకూడదని మనుస్మృతి చెప్పింది. ధాన్యం వంటి వాటికి హద్దును ఐదింతల దాకా పెంచింది. కౌటిల్యుడి అర్థశాస్త్రం మరో వైపు నుంచి వచ్చింది. నూటికి నెలకు ఒకటింపావు పణం ధర్మమైన వడ్డీ అంది, అంటే ఏడాదికి 15 శాతం. వ్యాపారానికైతే నూటికి ఐదు, అడవుల గుండా వెళ్లే వర్తకులకు పది, సముద్రం మీద వెళ్లేవారికి ఇరవై. నష్టభయం పెరిగేకొద్దీ వడ్డీ పెరగాలన్న ఆలోచన అప్పటికే పూర్తిగా తయారై ఉందన్నమాట. మధ్యయుగాల గణితవేత్తలకు కూడా వడ్డీ ఇష్టమైన విషయమే. రాష్ట్రకూట రాజు అమోఘవర్షుడి కాలంలో, 9వ శతాబ్దంలో, మహావీరాచార్యుడు రాసిన గణితసారసంగ్రహంలో మిశ్రక వ్యవహారం అనే అధ్యాయం ఉంది. అసలు, వడ్డీ, కాలం కలిసిపోయినప్పుడు వాటిని విడదీసే లెక్కలు అందులో కనిపిస్తాయి. 11వ శతాబ్దంలో పావులూరి మల్లన తెలుగులోకి తెచ్చింది ఈ గ్రంథాన్నే. తెలుగు సాహిత్యం తొలి అడుగులు వేస్తున్న రోజుల్లోనే తెలుగువాడి చేతికి ఒక గణిత గ్రంథం కూడా వచ్చిందంటే సంతోషమే కలుగుతుంది.

ఆ రెట్టింపు హద్దు కోర్టుల దాకా వచ్చి ‘దామ్‌దుపట్’ అనే పేరుతో స్థిరపడింది. అయితే అది దేశమంతా నిలవలేదు. బొంబాయి ప్రెసిడెన్సీ కోర్టులు దాన్ని పాటించాయి, కలకత్తా నగరంలోనూ నడిచింది, మద్రాసు కోర్టులు మాత్రం ఒప్పుకోలేదు. దానికి తోడు 1855లో ఈస్టిండియా కంపెనీ ప్రభుత్వం పాత వడ్డీ పరిమితి చట్టాలను ఎత్తివేసింది. కాగితం మీద ఎంత వడ్డీకి ఒప్పుకుంటే కోర్టు అంత ఇప్పిస్తుంది. తెలుగు జిల్లాల రైతుకు అటు ధర్మశాస్త్రం అండా లేదు, ఇటు చట్టం అండా లేదు.

దామ్‌దుపట్ హద్దును సరిగా అర్థం చేసుకోవాలి. ఒక సమయానికి పేరుకుపోయిన వడ్డీ బాకీకే అది పరిమితి. ఏటా వడ్డీ కడుతూ పోతే ఇరవై ఏళ్లలో కట్టినది అసలుకు మూడింతలైనా ఆ సూత్రం అడ్డు చెప్పదు. 1938 చట్టం ఇంకో అడుగు ముందుకు వేసింది. అప్పు పుట్టిన రోజు నుంచి కట్టినదంతా కూడి చూడమంది. ఆ తేడా ఎందుకు అవసరమైందో తెలియాలంటే పల్లెల్లో నోటు ఎలా నడిచేదో చూడాలి.

ప్రోనోటుకు కాలదోషం మూడేళ్లు. ఆలోపు బాకీ తీరకపోతే నోటు తిరగరాయాలి. తిరగరాసేటప్పుడు అప్పటిదాకా పెరిగిన వడ్డీ కొత్త నోటులో అసలుగా మారిపోతుంది. నూటికి రెండు రూపాయల వడ్డీకి వంద రూపాయలు తెచ్చుకున్నవాడు ఏమీ కట్టలేకపోతే మూడేళ్లకు బాకీ 172 అవుతుంది. ఆ 172కు కొత్త నోటు. ఆరేళ్లకు 295 దాటుతుంది. తొమ్మిదేళ్లకు 508 రూపాయల నోటు మీద వేలిముద్ర పడుతుంది. నోటు మీద ఉన్నది బారు వడ్డీయే, నడిచినది చక్రవడ్డీ. మొదటి వంద ఎప్పుడు తెచ్చాడో, మధ్యలో ఎంత ధాన్యం కొలిచాడో మూడో నోటులో ఎక్కడా కనిపించదు. పొలం తనఖా పెట్టి స్వాధీనం చేసినవాడి సంగతి మరీ దారుణం. పంటంతా వడ్డీ కింద జమ, అసలు మాత్రం ఎక్కడిదక్కడే.

పశ్చిమ భారతంలో ఈ కోపం ముందే బద్దలైంది. 1875 మేలో పూనా జిల్లా సూపా గ్రామంలో మొదలైన దక్కన్ అల్లర్లలో రైతులు వెదికి వెదికి తగలబెట్టింది వడ్డీ వ్యాపారుల పత్రాలనే. నాలుగేళ్ల తర్వాత వచ్చిన దక్కన్ రైతు సహాయ చట్టం, పత్రం వెనకాల ఉన్న చరిత్రను తవ్వి చూడమని కోర్టులకు చెప్పింది. మద్రాసు వైపు అంత పెద్ద అల్లర్లు జరగలేదు గానీ అప్పు మాత్రం పెరుగుతూనే పోయింది. 1895లో ఫ్రెడరిక్ నికల్సన్ మద్రాసు ప్రెసిడెన్సీ గ్రామీణ రుణభారాన్ని 45 కోట్లుగా అంచనా వేశాడు. 1930 నాటి బ్యాంకింగ్ విచారణ సంఘం అంచనా 150 కోట్లు. సరిగ్గా అప్పుడే ప్రపంచ ఆర్థిక మాంద్యం విరుచుకుపడింది. ధాన్యం ధర పడిపోయింది, బాకీ అంకె మాత్రం తగ్గలేదు. అంటే అదే బాకీ తీర్చడానికి రైతు ఎక్కువ బస్తాలు అమ్ముకోవలసి వచ్చింది.

1937 జులైలో రాజగోపాలాచారి నాయకత్వంలో కాంగ్రెసు మంత్రివర్గం ఏర్పడింది. ఏడాది తిరక్కుండానే చట్టం తెచ్చింది. 1932 అక్టోబరుకు ముందు చేసిన అప్పుల మీద 1937 అక్టోబరు 1 నాటికి మిగిలిన వడ్డీ బాకీ రద్దయింది. అంతకన్నా పదునైన నిబంధన ఇంకొకటి ఉంది. నోటు ఎన్నిసార్లు తిరగరాసినా మొదట చేతికి వచ్చిన డబ్బే అసలు. పైన చెప్పిన 508 రూపాయల నోటు కోర్టుకు వస్తే జడ్జి చూడవలసింది ఆ మొదటి వందనే. చట్టం వచ్చాక చేసే అప్పులకు వడ్డీ రూపాయికి నెలకు ఒక పై మించకూడదు. రూపాయికి 192 పైలు కాబట్టి అది ఏడాదికి ఆరుంపావు శాతం.

దాని ఫలితాలు అన్ని చోట్లా మంచివే కాలేదు. చట్టానికి భయపడి కొందరు షావుకార్లు కొత్త అప్పులు ఆపేస్తే, అప్పు అవసరమైన చిన్న రైతుకు ఇబ్బంది తప్పలేదు. అయినా కట్టిందంతా ఒకచోట కూడి చూడమని ఒక శాసనసభ ఆజ్ఞాపించడం నాకు ఇప్పటికీ గొప్ప పనిగానే కనిపిస్తుంది.

ఈ చట్టానికి ముందే మద్రాసులో ఇంకో ప్రయత్నం మొదలైంది. 1929లో అక్కడ కేంద్ర భూతనఖా బ్యాంకు ఏర్పడింది. దేశంలో అలాంటి కేంద్ర బ్యాంకు అదే మొదటిది. డిబెంచర్లు అమ్మి డబ్బు సమకూర్చి, ప్రాథమిక భూతనఖా బ్యాంకుల ద్వారా రైతులకు దీర్ఘకాలిక అప్పులిచ్చేది. చాలావరకు అవి పాత బాకీలు తీర్చుకోవడానికే. తిరిగి కట్టే పద్ధతి ఏటా సమాన వాయిదాలు. ఒక్కో వాయిదాలోనూ కొంత వడ్డీ, కొంత అసలు. ఇవాళ్టి ఈఎంఐకి తెలుగు నేల మీద ఉన్న పెద్దమ్మ ఇదే అనుకోవచ్చు. తేడా ఒక్కటే, పంట ఏడాదికోసారి చేతికొస్తుంది గనుక వాయిదా కూడా ఏడాదికోసారి.

ఇంటి అప్పుల్లో సమాన వాయిదాకు పుట్టిల్లు మాత్రం ఇంగ్లండు. 1775లో బర్మింగ్‌హామ్‌లో గోల్డెన్ క్రాస్ అనే పానశాల నడిపిన రిచర్డ్ కెట్లీ చొరవతో కొందరు పనివాళ్లూ చిరువ్యాపారులూ కలిసి నెలనెలా చందా వేసుకున్నారు. పోగైన డబ్బుతో వంతులవారీగా ఇళ్లు కట్టుకున్నారు. అందరికీ ఇళ్లు రాగానే సంఘం మూసేయడం పద్ధతి. మన చీటీల పాట తెలిసినవారికి ఈ ఏర్పాటు విడమరిచి చెప్పనక్కర్లేదు. 1840ల నుంచి శాశ్వత సంఘాలు వచ్చాయి. దాచుకునేవాడు వేరు, అప్పు తీసుకునేవాడు వేరు. ఎవరు ఎప్పుడు చేరినా ఏ నెలకు ఎంత కట్టాలో చెప్పే పట్టిక అప్పుడు తప్పనిసరైంది. గణకులు కూర్చుని ఆ పట్టికలు తయారు చేశారు. అప్పు మొత్తం, వడ్డీ రేటు, గడువు చెబితే చాలు, వాయిదా ఎంతో పట్టికలో ఉంటుంది.

అమెరికాలో పెద్ద మార్పు సంక్షోభంలో వచ్చింది. 1930కి ముందు అక్కడ చాలా ఇంటి అప్పులు మూడు నుంచి ఐదేళ్ల గడువువి. అన్నాళ్లూ వడ్డీ కట్టి, చివర్లో అసలంతా ఒకేసారి కట్టాలి, లేదా కొత్త అప్పు తెచ్చుకోవాలి. తిరుమల శ్రీనివాసుడు కుబేరుడికి కలియుగాంతం దాకా వడ్డీయే కడతాడని భక్తులు చెప్పుకునే అప్పు ఆ రకానికి చెందినదే. దేవుడికి గడువు పెద్దది గానీ అమెరికా గృహస్థుకు అంత గడువు ఎక్కడిది? మాంద్యంలో బ్యాంకులు అప్పు తిరగరాయడం మానేశాయి. 1933 నాటికి రోజుకు వెయ్యి ఇళ్ల దాకా జప్తు అవుతున్నాయి. ఆ జూన్‌లో రూజ్‌వెల్ట్ ప్రభుత్వం గృహ యజమానుల రుణ సంస్థను పెట్టింది. అది పది లక్షలకు పైగా అప్పులను తీసుకుని, ఐదు శాతం వడ్డీకి పదిహేనేళ్ల సమాన వాయిదాలుగా మార్చింది. మరుసటి ఏడు వచ్చిన ఫెడరల్ గృహ నిర్మాణ సంస్థ గడువును ఇరవై ఏళ్లకు తీసుకెళ్లింది. ఆ తర్వాతి కాలంలో అది ముప్పై ఏళ్లయింది. ఇవాళ టెక్సాస్‌లో, న్యూజెర్సీలో ఇళ్లు కొంటున్న తెలుగువాళ్లు సంతకం చేసేది ఎక్కువగా ఆ ముప్పై ఏళ్ల స్థిర వడ్డీ కాగితం మీదే.

కాబట్టి సమాన వాయిదాను మోసమని అనడం తప్పు. చివర్లో వచ్చి మీద పడే అసలు నుంచి కుటుంబాలను కాపాడటానికే అది వచ్చింది. నెలనెలా ఆ నెల వడ్డీ తీరిపోతుంది గనుక, సక్రమంగా కడుతున్నంత కాలం వడ్డీ మీద వడ్డీ పడదు. ప్రోనోటు తిరగరాతలో జరిగిన అన్యాయం ఇందులో లేదు. కాకపోతే గడువు పొడవు పెరిగేకొద్దీ మొత్తం భారం ఎలా పెరుగుతుందో చెప్పే అంకె, వాయిదా వెనక కనబడకుండా పోయింది. అది చూపించమని అమెరికాలో సెనేటర్ పాల్ డగ్లస్ 1960 నుంచీ పోరాడితే, 1968లో రుణాల్లో నిజం చెప్పాలనే చట్టం వచ్చింది. అప్పు నిజంగా ఎంతకు పడుతోందో అప్పిచ్చేవాడే కాగితం మీద రాసి ఇవ్వాలి.

మన దేశంలో మధ్యతరగతికి ఇంటి అప్పు అందుబాటులోకి రావడానికి ఇంకా సమయం పట్టింది. అప్పటిదాకా ఉద్యోగి ఇల్లు కట్టుకునేది ఎక్కువగా రిటైరయ్యాకే, ప్రావిడెంట్ ఫండు, గ్రాట్యుటీ చేతికి వచ్చాక. లండన్ స్కూల్ ఆఫ్ ఎకనామిక్స్‌లో చదువుకుని, ఐసీఐసీఐకి నాయకత్వం వహించిన హస్‌ముఖ్ ఠాకోర్‌దాస్ పారేఖ్, 66 ఏళ్ల వయసులో, 1977 అక్టోబరు 17న హెచ్‌డీఎఫ్‌సీని స్థాపించాడు. ఇంగ్లండు బిల్డింగ్ సొసైటీలు అతని మనసులో ఉన్న నమూనా. మొదటి అప్పు 1978లో బొంబాయి శివారు మలాడ్‌లో ఒక ఇంటికి ఇచ్చింది. 1988లో జాతీయ గృహ బ్యాంకు వచ్చింది, ఆ మరుసటి ఏడు ఎల్‌ఐసీ గృహరుణాల కంపెనీ పెట్టింది.

ఆ రోజుల్లో ఒక పద్ధతి ఉండేది, దాని గురించి ఇప్పుడు ఎవరూ మాట్లాడరు. వాయిదా నెలనెలా తీసుకుంటారు గానీ, అసలు తగ్గినట్టు లెక్కలో రాసేది ఏడాది చివర. దాన్ని వార్షిక రెస్ట్ అనేవారు. ఏప్రిల్‌లో కట్టిన అసలు మీద కూడా మార్చి దాకా వడ్డీ పడుతుంది. 12 శాతానికి పదిహేనేళ్ల గడువైతే, లక్షకు నెలవారీ లెక్కలో 1,200 రూపాయలు కట్టాల్సిన చోట ఈ పద్ధతిలో 1,223 అవుతుంది. నెలకు 23 రూపాయలు ఎవరి కంటా పడవు. లక్షకు మొత్తం నాలుగు వేల పైచిలుకు. రేటు రెండింటికీ ఒకటే, ఖర్చు వేరు.

1990ల్లో రెండంకెల్లో ఉన్న వడ్డీ 2003-04 నాటికి ఎనిమిది శాతం దగ్గరికి దిగింది. 1998 నవంబరులో హైటెక్ సిటీ ప్రారంభమైంది. మాదాపూర్, కొండాపూర్, కూకట్‌పల్లిలో అపార్టుమెంట్లు లేచాయి. ముప్పై ఏళ్లు నిండకుండానే ఫ్లాటు కొన్న మొదటి తెలుగు తరం ఇదే. వాళ్ల నాన్నలు యాభై ఎనిమిదేళ్లకు చేసిన పని వీళ్లు ఇరవై ఎనిమిదేళ్లకు చేయగలిగారు. ఇది చిన్న విషయం కాదు, ఈఎంఐ లేకపోతే జరిగేదీ కాదు.

ఇక మొదట్లో చెప్పిన 50 లక్షల లెక్కను విప్పి చూద్దాం. మొదటి వాయిదా 43,391లో వడ్డీ 35,417, అసలులో తగ్గేది 7,974 మాత్రమే. వాయిదాలో అసలు భాగం వడ్డీ భాగాన్ని దాటడానికి దాదాపు పన్నెండేళ్లు పడుతుంది. ఐదేళ్లలో 26 లక్షలు కడితే బాకీ తగ్గేది ఆరు లక్షల లోపు. పదేళ్లకు 52 లక్షలు కట్టేసి ఉంటాడు, అంటే తీసుకున్న దానికన్నా ఎక్కువే. అప్పటికీ బాకీ 35 లక్షలు. అసలులో సగం తీరేది 166వ నెలకు, పద్నాలుగో ఏడు ముగుస్తుండగా.

గడువు మారిస్తే ఏమవుతుందో చూడండి. ముప్పై ఏళ్లు పెట్టుకుంటే వాయిదా 38,446కు దిగుతుంది. నెలకు ఐదు వేలు మిగిలినట్టు ఉంటుంది గానీ మొత్తం చెల్లింపు ఒక కోటీ 38 లక్షలు. అంటే 34 లక్షలు అదనం. పదిహేనేళ్లయితే వాయిదా 49,237, మొత్తం 88 లక్షల 63 వేలు. ఇదే ఉద్యోగి ఇరవై ఏళ్ల గడువు ఉంచుకుని నెలనెలా ఐదు వేలు అదనంగా కట్టగలిగితే, పదిహేనున్నర ఏళ్లకే బాకీ తీరి దాదాపు 14 లక్షలు మిగులుతాయి. అమ్మకం బల్ల దగ్గర మాట్లాడేది వాయిదా గురించే. ఈ అంకెల్లో మనిషి జీవితాన్ని నిజంగా మార్చేది గడువు.

దీనికి ఎదురు వాదన ఉంది, అది బలమైనదే. ఇరవై ఏళ్ల తర్వాతి రూపాయి ఇవాళ్టి రూపాయి కాదు. ధరలు ఏటా ఐదు శాతం చొప్పున పెరుగుతాయని అనుకుంటే, చివరి వాయిదా 43,391 ఇవాళ్టి 16,000 చిల్లరతో సమానం. వాయిదాలన్నింటినీ ఇవాళ్టి రూపాయల్లోకి మారిస్తే మొత్తం కోటీ నాలుగు లక్షలు కాదు, 66 లక్షల దగ్గర. ఇంటి అద్దె తప్పుతుంది, పాత పన్ను విధానంలో ఉన్నవారికి వడ్డీ మీద రెండు లక్షల దాకా మినహాయింపు ఉంటుంది. ఇవన్నీ లెక్కలో వేయాల్సిందే. అయితే ఈ ఓదార్పు జీతం కూడా ధరలతో పాటు పెరిగేవాడికే. ధరలు పడిపోయినప్పుడు 1930ల రైతుకు ఏమైందో పైన చూశాం. ఉద్యోగం పోయినవాడికి కూడా అప్పు అంకె అలాగే నిలబడి ఉంటుంది.

మారే వడ్డీ రేటు ఇంకో చిక్కు తెచ్చింది. 2022 మేకు ముందు 4 శాతం ఉన్న రెపో రేటును, అంటే బ్యాంకులకు తానిచ్చే అప్పుల మీద వడ్డీని, రిజర్వు బ్యాంకు 2023 ఫిబ్రవరి నాటికి 6.5కు చేర్చింది. చాలాచోట్ల బ్యాంకులు వాయిదా పెంచలేదు, గడువు పొడిగించాయి. నెలనెలా పోయే సొమ్ము మారలేదు గనుక చాలామందికి ఏమీ జరగనట్టే అనిపించింది. ఒక లెక్క చేద్దాం. 6.75 శాతానికి 20 ఏళ్ల గడువుతో 50 లక్షలు తీసుకున్నవాడి వాయిదా 38,018. ఏడాది తర్వాత రేటు ఒకేసారి 9.25కు పోయిందనుకుంటే, మిగిలిన బాకీ మీద ఆ నెల వడ్డీయే 37,598. అసలుకు జమయ్యేది 420 రూపాయలు. అదే వాయిదా కొనసాగిస్తే అప్పు తీరడానికి ఇంకా 49 ఏళ్లు కావాలి. అప్పు తీసుకున్న కొద్ది నెలలకే రేటు అలా పెరిగి ఉంటే ఆ నెల వాయిదా వడ్డీకి కూడా చాలేది కాదు. వడ్డీ తిరిగి అసలులో కలిసే ఆ స్థితి తిరగరాసిన ప్రోనోటుకు దగ్గరి చుట్టమే. 2023 ఆగస్టు 18న రిజర్వు బ్యాంకు కల్పించుకుంది. రేటు మారినప్పుడు వాయిదా పెంచుకోవడమా, గడువు పెంచుకోవడమా, రెండూ కొంతకొంతనా, కొంత ముందే కట్టడమా అన్నది అప్పు తీసుకున్నవాడిని అడగాలి, బాకీ తరగాల్సింది పోయి పెరగకూడదు అని చెప్పింది.

పాత రెట్టింపు హద్దు ఏమైంది? బ్యాంకుల దగ్గర అది చెల్లదు. 1984లో బ్యాంకింగ్ నియంత్రణ చట్టంలో చేర్చిన 21ఏ సెక్షన్, వడ్డీ ఎక్కువైందన్న కారణంతో బ్యాంకు అప్పును కోర్టులు తిరగదోడకూడదంది. కానీ తెలుగు నేల మీద ఆ హద్దు ఇంకోసారి లేచి నిలబడింది. 2010లో ఆంధ్రప్రదేశ్ పల్లెల్లో సూక్ష్మరుణ సంస్థల వసూళ్లు దారుణంగా మారాయి. ఆ అప్పుల్లో చాలావాటికి ఫ్లాట్ వడ్డీ, అంటే అసలు తగ్గుతున్నా మొదటి మొత్తం మీదే వడ్డీ. పదివేలకు ఏడాదికి 12 శాతం ఫ్లాట్ అంటే చెవికి తేలిగ్గా వినిపిస్తుంది. నెలనెలా 933 చొప్పున కట్టినవారికి నిజంగా పడింది 21 శాతం పైన. 2010 అక్టోబరు 15న రాష్ట్రం ఆర్డినెన్సు తెచ్చింది, తర్వాత అది చట్టమైంది. వడ్డీ కింద అసలుకు మించి వసూలు చేయరాదని అందులో ఒక సెక్షన్ స్పష్టంగా చెప్పింది. 2023లో తెలంగాణ హైకోర్టు ఆ చట్టం రిజర్వు బ్యాంకు నియంత్రణలో ఉన్న సంస్థలకు వర్తించదని తేల్చింది.

హద్దు పోయినా, కనీసం లెక్క చూపించాలన్న పట్టుదల నిలిచింది. 2024 అక్టోబరు 1 నుంచి వ్యక్తిగతంగా తీసుకునే ప్రతి కొత్త టర్మ్ రుణానికీ ముఖ్య వివరాల పత్రం ఇవ్వడం తప్పనిసరి. ప్రాసెసింగ్ ఫీజు, బ్యాంకు ద్వారా వసూలయ్యే బీమా ప్రీమియం, న్యాయ ఖర్చు కలిపి వార్షిక రేటు ఎంతవుతుందో అందులో ఉండాలి. ఏ వాయిదాలో ఎంత వడ్డీ, ఎంత అసలు అనే పట్టిక కూడా ఉండాలి. మారే రేటు అప్పు అయితే ఆ పట్టిక మొదటి రేటు మార్పు దాకానే నిజం. ఆ తర్వాత పనికొచ్చేది 2023 ఆదేశంలోనే ఉంది. ఇప్పటిదాకా వసూలైన అసలు ఎంత, వడ్డీ ఎంత, మిగిలిన వాయిదాలు ఎన్ని అన్న వివరాన్ని మూడు నెలలకోసారి బ్యాంకు అందుబాటులో ఉంచాలి. వాయిదా తేదీ గుర్తున్నంత బాగా ఈ కాగితం గుర్తున్నవారు చాలా తక్కువ. అది నాకు నిజంగా బాధ కలిగిస్తుంది.

ఆ కాగితం చేతిలో ఉంటే ఏం చేయవచ్చో చెప్పడానికి మన ఉద్యోగినే తీసుకుందాం. పదో ఏట 35 లక్షల బాకీ ఉండగా ఐదు లక్షలు చేతికొచ్చాయి. మారే రేటు గృహరుణాన్ని ముందుగా కట్టినందుకు బ్యాంకులు జరిమానా వేయకూడదని 2012లోనే నిబంధన వచ్చింది గనుక, ఆ మొత్తం నేరుగా బాకీలో కట్టేశాడు. వాయిదా అలాగే ఉంచి గడువు తగ్గించమని రాసిస్తే 120 నెలల అప్పు 96 నెలల్లో తీరుతుంది. కట్టిన ఐదు లక్షలు పోను 5 లక్షల 70 వేల దాకా మిగులుతుంది. గడువు అలాగే ఉంచి వాయిదా తగ్గించమంటే నెలకు 6,200 తేలికవుతుంది గానీ మొత్తం మీద మిగిలేది 2 లక్షల 44 వేలే. రెండింటిలో ఏది కావాలో దరఖాస్తులో తానే రాయాలి, రాసినట్టే జరిగిందో లేదో తర్వాతి మూడు నెలల వివరంలో మిగిలిన వాయిదాల సంఖ్య చూసి సరిపోల్చుకోవాలి.